తారు కింద

పడవని ఒడ్డుకి లాగి బోర్లించి
పాత తారు గీకుతున్నాను, ముక్తేశ్వరం రేవులో.
పొద్దున్న టీకొట్టు రేడియో చెప్పింది
గవర్రాజు గారు పోయారని.
"అన్ని రకాల చిత్రాలూ తీసిన దర్శకుడు", అదొక్క ముక్క.
ఆ వెంటనే ఎరువుల ధరలు.

అన్ని రకాలూ అంటే ఏ రకాలో
ఈ చెక్కకి తెలుసు.

పైపొర ఉత్త తారే. అది ఆఖరి సినిమా.
కథ లేదన్నారు, పాటల్లేవన్నారు.
"పోలయ్యా, ఈసారి నువ్వు పోలయ్యవే. ఇది గోదారే" అన్నారు.
నాకు చేతకాలేదు.
ముప్పయ్యేళ్ళు ఆయన చెప్పినట్టు తెడ్డేసినవాణ్ణి,
నాలా వెయ్యమంటే చెయ్యి ఎటు పోవాలో తెలీలేదు.
మూడ్రోజులు ఫిల్ము తగలేసి
నాలుగోనాడు కెమెరా ఆపేశామని అబద్ధం చెప్పి
నేను కొబ్బరిచిప్పతో అడుగు నీళ్ళు తోడుతూ
ఆయన్నే బూతులు తిట్టుకోవడం తీసేసుకున్నారు.
అమలాపురంలో నాలుగు రోజులాడింది.
అయిదో రోజుకి చైనా కొట్లాటల బొమ్మ వేశారు.
మా ఆవిడ చూసొచ్చి
"నీ నడుంనెప్పి తెర మీద కూడా తెలుస్తోంది" అంది.

ఉలి కాస్త నొక్కితే నీలం.
టీవీ సీరియలు. అప్పుల రోజులు.
అయినవిల్లి దగ్గర నాలుగెకరాల కొబ్బరితోటని
మద్రాసు సెట్టింగుల్లో తీసిన జానపదం మింగేశాక
తిరిగొచ్చారు, జుట్టుకి రంగు మానేసి.
రోజుకి రెండుసార్లు అత్తగారు కోడల్ని పడవలోంచి తొయ్యాలి.
ఈసారి ఇది ఏ నదండీ అన్నాను, అలవాటుగా.
"నది కాదు పోలయ్యా, వాయిదా."

దాని కింద నలుపు. దొంగనోట్ల సినిమా.
ఈ రేవే అప్పుడు బొంబాయి సముద్రం.
పెట్రోమాక్సులకి ముసిరిన పురుగుల్లో ఒకటి
విలన్ నోట్లోకి పోయింది.
ఆయన కట్ చెప్పలేదు.
వాడు ఉమ్మిన ఉమ్ముకి హాల్లో ఈలలేశారంట.

తర్వాత గులాబీ రంగు, అక్కడక్కడా.
హీరో పనసకాయతో సహా నీళ్ళల్లో పడాలి.
పదకొండు కాయలు కొట్టుకుపోయాయి,
పన్నెండోది లైటుబాయిలు కోసుకు తినేశారు.
ఊళ్ళకి ఊళ్ళు నవ్విన బొమ్మ అది.
తీసినన్నాళ్ళూ ఆయన నవ్వగా నేను చూళ్ళేదు.
వాళ్ళమ్మ కాకినాడ పెద్దాసుపత్రిలో ఉండేది.
సాయంత్రం బస్సుకి పోయి, తెల్లారేసరికి వచ్చి,
ముఖం కూడా కడుక్కోకుండా "ఊఁ, పడు" అనేవారు.

ఇక్కడొక పొర గుర్తు రావట్లేదు. ఆకుపచ్చ.
ఏ సినిమాదో అడుగుదామంటే
మనిషి లేడు.

అట్టడుగున బంగారం, గీరితే గోటికి అంటుకునేంత.
మొదటిది, పౌరాణికం.
అట్టతో హంసమెడ కట్టి మైదాజిగురు పూస్తే
రాత్రికి రాత్రి చీమలు సగం తినేశాయి.
తెల్లారేసరికి బాతు. దూరం నుంచి బాతునే తీశారు.
శ్రావణంలో మొదలెట్టాల్సింది, నీళ్ళు ఎర్రబురద.
"గంగ ఇలా ఉండదు" అని నిర్మాతతో పోట్లాడి
కార్తీకంలో తేరేదాకా ఆగారు.
ఆ మూణ్ణెల్లూ ద్రాక్షారం టూరింగు టాకీసులో
టిక్కెట్లు చింపుకుని బతికారు, పాత పనే కదా.

నా పడవ మొదట ఎక్కిన రోజు
పాతికేళ్ళుండవు. చొక్కాకి కొబ్బరిపీచు వాసన.
ఈత రాదు. చివరిదాకా రాలేదు.
నా భుజం గట్టిగా పట్టుకుని
కళ్ళు మూసుకునే నడిగోదారిదాకా వచ్చి,
తెరిచి, అటూ ఇటూ చూసి అడిగారు:
"ఇక్కణ్ణించి ఏ ఒడ్డు మనది?"
నేను సుడి చూసుకుంటున్నాను. చెప్పలేదు.

తారు కాగింది. కుర్రాడు కుంచె పట్టుకుని
ఇంకెంతసేపు తాతా అంటున్నాడు.
పూసెయ్యాలి, ఎల్లుండికి నీళ్ళల్లో దించాలి.
అంతా చెక్కదాకా గీకేశాను.
ఆకుపచ్చ ఉన్నచోట మటుకు
ఒక్క జానెడు వదిలేశాను.